ఏ గడిలోనూ ఇమడని నాయుడు

జాన్ బర్క్ అనే ఆయన 1831లో లండన్‌లో ఒక నిఘంటువు అచ్చు వేశాడు. మాటలకు అర్థాలు చెప్పేది కాదు, పోయిన బిరుదుల నిఘంటువు. ఇంగ్లండు, ఐర్లండు, స్కాట్లండుల్లో ఒకప్పుడు వెలిగి తర్వాత లేకుండా పోయిన ప్రభువంశాల లెక్క అది. పోవడంలోనూ రకాలున్నాయట. మగ వారసుడు లేక వంశం ఆగిపోతే ఆ బిరుదు లుప్తం. వారసుడు ఎక్కడో ఉండొచ్చుగానీ ఎవరూ వచ్చి నాదని రుజువు చెయ్యకపోతే సుప్తం. సమాన హక్కున్న ఆడపిల్లలు ఇద్దరు ముగ్గురుండి ఎవరికో తేలకపోతే అది పెండింగు. రాజద్రోహం కింద లాక్కుంటే జప్తు. రోజంతా టికెట్లకు స్టేటస్ మార్చే ఉద్యోగం నాది కాబట్టి ఈ వర్గీకరణ చూడగానే ముచ్చటేసింది. చచ్చిపోయిన బిరుదుకు కూడా ఇంత శుభ్రమైన రికార్డు పెట్టిన జాతి, లోకంలో మిగతా వాళ్ళ బిరుదులను ఏ గడిలో రాసుకుందో చూడాలనిపించింది.

చూడ్డానికి నాకు దొరికిన పుస్తకం సి.పి. బ్రౌన్ 1853లో మద్రాసులో అచ్చు వేసిన అనంతపురం చరిత్ర. తెలుగులో ‘రాజుల యుద్ధములు’. దానికి ఆయనే చేసిన ఇంగ్లీషు అనువాదం ‘ద వార్స్ ఆఫ్ ది రాజాస్’. 1750 నుంచి 1810 ప్రాంతాల్లో తెలుగులో రాసినది అని ఆ అనువాదం ముఖపత్రం మీదే ఉంది. అంటే అరవై ఏళ్ళ మీద సాగిన రాత. ఒక్క చేతి పని అనుకోవడం కష్టం. ఒకరు వదిలిన చోట ఇంకొకరు అందుకుని, దఫ్తరంలో కవిలెకట్టలాగా పెంచుకుంటూ పోయిన పుస్తకం అని నేను అనుకుంటున్నాను. ఇది హండె వాళ్ళ కథ. అనంతపురాన్ని ఏలిన పాళెగాళ్ళ కుటుంబం అది. హండె అంటే కన్నడంలో పెద్ద నీళ్ళ పాత్ర. మన ఇళ్ళల్లో స్నానానికి నీళ్ళు కాచే అండా ఈ మాటకు చుట్టమే. అనంతపురంలో పుట్టి పెరిగినవాళ్ళకు కూడా ఈ ఇంటిపేరు పెద్దగా తెలీదు. మా క్లాసులో అరవై మందిమి ఉండేవాళ్ళం. ఊరిని ఎవరు ఏలారని అడిగితే శ్రీకృష్ణదేవరాయలు అనేవాళ్ళం, తర్వాత కలెక్టరు అనేవాళ్ళం. మధ్యలో రెండున్నర శతాబ్దాలు ఖాళీ.

ముందు ఈ కుటుంబానికున్న బిరుదు ఏమిటో తేల్చుకోవాలి, ఎందుకంటే గొడవంతా అక్కడే ఉంది. వాళ్ళు తమను తాము నాయుడు అనుకున్నారు. హనుమప్ప నాయుడు, సిద్ధప్ప నాయుడు. ఈ నాయుడు ఇప్పటి కులం పేరు కాదు. విజయనగర కాలంలో ఇంత సీమ నీకిస్తున్నాను, ఇంత సైన్యాన్ని నాకు పంపు అనే ఒప్పందం మీద నడిచిన నాయంకర పద్ధతి నుంచి వచ్చిన మాట. నాయకుడు వాడుకలో నాయుడయ్యాడు. కుంపిణీ వాళ్ళ లెక్కల్లో ఇదే మనిషి ‘పోలిగార్’, అంటే పాళెగాడు. పాళెం అంటే దండు విడిసిన చోటు. బ్రౌన్ ఇంగ్లీషు ముఖపత్రం మీదికి వచ్చేసరికి ఇదే మనిషి రాజా అయ్యాడు. ఒకే కుటుంబానికి మూడు పుస్తకాల్లో మూడు హోదాలు. బ్రౌన్ తెలియక రాజా అని ఉండడు. తెలుగు మీద అంత పట్టున్న మనిషికి నాయుడికీ రాజుకీ తేడా తెలుసు. లండన్ పాఠకుడికి పాళెగాడి పుస్తకం అంటే దొంగల కథ అనిపిస్తుంది, రాజుల యుద్ధాలంటే కొంచెం చదవాలనిపిస్తుంది. ఇది ప్రచురణకర్త పెట్టిన పేరు. నాకేమీ అభ్యంతరం లేదు, కానీ పేరు చూసి లోపలికి వెళ్ళినవాళ్ళు యుద్ధాల కోసం వెతుకుతారు. ఈ పుస్తకంలో అసలు విషయం యుద్ధాలు కాదు. అసలు విషయం చెరువు.

అనంతపురం ఊరు చెరువు వల్ల పుట్టింది. పద్నాలుగో శతాబ్దంలో మొదటి బుక్కరాయల మంత్రి చిక్క ఒడెయరు పండమేరు నదికి అడ్డంగా కట్ట వేయించాడు. కట్ట ఒక కొసన బుక్కరాయసముద్రం, రెండో కొసన అనంతసాగరం. ఆ రెండోదే మన అనంతపురం. ఏడాదికి సగటున 550 మిల్లీమీటర్ల దగ్గర మాత్రమే వాన పడే నేల ఇది. అది కూడా ఒక ఏడు వచ్చి ఒక ఏడు రాదు. ఇలాంటి చోట నాయుడు అనే బిరుదుకు అర్థం ఏమిటి? కట్ట నిలిస్తే కింద మడి పండుతుంది. మడి పండితే శిస్తు వస్తుంది. శిస్తు వస్తే బంట్లకు జీతం. బంట్లుంటే కావలి, కావలి ఉంటే నాయుడు. ఈ గొలుసులో ఏ కొక్కెం ఊడినా మనిషి బతికే ఉంటాడు, బిరుదు ఉండదు. బర్క్ నిఘంటువులోని బిరుదులకు ఇలాంటి ఇబ్బంది లేదు. వాటికి రాజముద్ర వేసిన పత్రం చాలు, కొడుకు ఉంటే చాలు. ఆ ఊళ్ళో ఆయనకు సెంటు భూమి లేకపోయినా ఆయన ఫలానా ఊరి ప్రభువే.

విజయనగరం పోయాక హండె వాళ్ళు బతికిన తీరంతా ఈ గొలుసును తెగకుండా చూసుకోవడమే. బిజాపూరు వాళ్ళు వచ్చారు, మొగలాయిలు వచ్చారు, పక్కనున్న బళ్ళారి పాళెగాళ్ళు మీద పడ్డారు. 1757లో గుత్తి కోట నుంచి మురారిరావు ఘోర్పడే వచ్చి ముట్టడించాడు. అనంతపురం వాళ్ళు కొంతకాలం నిలబడి, చివరికి యాభై వేల రూపాయలిచ్చి పంపించారు. ఆ తర్వాత హైదరలీ, ఆ తర్వాత టిప్పు. వచ్చిన ప్రతివాడికీ లెక్కగట్టి ఇవ్వడం, వాడు పోయాక మళ్ళీ కూడబెట్టుకోవడం. 1905లో అనంతపురం జిల్లా గెజెటీరు రాసిన డబ్ల్యూ. ఫ్రాన్సిస్ ఈ కుటుంబం కథను రెండు మూడు పేజీల్లో కుదించాడు. అక్కడ చదివితే ఇదంతా ఓడిపోవడాల జాబితాలా ఉంటుంది. నాకు అలా అనిపించలేదు. యాభై వేలిచ్చి పంపించడం కూడా ఏలుబడిలో భాగమే. కోట గోడ కొట్టించుకుని వీరుడనిపించుకోవడం కంటే కట్ట తెగకుండా చూసుకోవడం ఈ నేల మీద పెద్ద పని. వీరగాథల అలవాటు ఉన్న మనకు దీన్ని చదవడం రాదు. బొబ్బిలి కథ చదివినట్టు చదివితే ఈ పుస్తకం చప్పగా ఉంటుంది.

వచనం గురించి రెండు మాటలు. బ్రౌన్ దీన్ని అచ్చు వేయడంలో ఒక ఉద్దేశం తెలుగు నేర్చుకునేవాళ్ళకు పనికొచ్చే మామూలు వచనం అందించడం. తాతాచార్యుల కథలు వేయించిందీ అలాంటి అవసరానికే. వెల్చేరు నారాయణరావు, డేవిడ్ షుల్మన్, సంజయ్ సుబ్రహ్మణ్యం ముగ్గురూ కలిసి 2001లో తెచ్చిన ‘టెక్స్చర్స్ ఆఫ్ టైమ్’లో ఒక మాట గట్టిగా వాదించారు. దక్షిణాదిలో చరిత్ర రాయడం ఇంగ్లీషు వాళ్ళు నేర్పింది కాదు, కరణాలు ముందునుంచీ రాస్తున్నారు, కాకపోతే చరిత్ర అని బోర్డు పెట్టుకోకుండా ఆ కాలంలో చెలామణిలో ఉన్న సాహిత్య రూపాల్లో రాశారు అని. ఆ వాదన అందరూ ఒప్పుకున్నది కాదు, దాని మీద పెద్ద చర్చే జరిగింది. అయితే ‘రాజుల యుద్ధములు’ లాంటి పుస్తకం చేతిలో పట్టుకుంటే వాళ్ళ వాదన వైపు మొగ్గకుండా ఉండటం కష్టం. కరణం వాక్యం భోరుమనదు. ఎవరు వచ్చారు, ఎంత అడిగారు, ఎంత ఇచ్చారు, తర్వాత ఏమైంది. లెక్కలు రాసే చేయి కాబట్టి పొగడ్తకు తొందరపడదు. మెకంజీ మనుషులు ఊరూరా తిరిగి సేకరించిన కైఫీయతుల్లో కూడా ఈ చేయే కనిపిస్తుంది. అక్కడ అయితే ఫలానా మాన్యం మాది, ఫలానా కావలి మాది అని హక్కు చెప్పుకునే అవసరం వాక్యం వెనకాల ఎప్పుడూ నిలబడి ఉంటుంది. హక్కు పోతున్న కాలంలో రాసిన చరిత్రలు కదా.

ఇక 1799. అప్పటికే టిప్పు ఈ కుటుంబాన్ని దాదాపు తుడిచిపెట్టేశాడు. ఇంట్లో మగవాళ్ళను ఉరి తీయించాడు. మిగిలింది సిద్ధప్ప ఒక్కడు. శ్రీరంగపట్నంలో బందీగా ఉండి తప్పించుకున్నాడు. బర్క్ చేతిలో పెడితే, ఒక్కడు మిగిలాడు కాబట్టి ఇంకా లుప్తం కాదు, అంతే. ఆ ఏడు మే 4న శ్రీరంగపట్నం పడింది, టిప్పు పోయాడు. సిద్ధప్ప అనంతపురం వచ్చి తన సీమను మళ్ళీ పట్టుకున్నాడు. ఒక మనిషి జైలు నుంచి పారిపోయి వచ్చి, ఇంట్లో ఎవరూ లేని ఊళ్ళో నాయుడుగా కూర్చున్నాడు. మన సాహిత్యంలో ఎవరైనా నవల రాయదగిన చోటు ఇది. ఆ కూర్చోవడం ఎంతోకాలం సాగలేదు. టిప్పు రాజ్యాన్ని పంచుకున్న ఒప్పందంలో ఈ ప్రాంతం నిజాం వాటాకు పోయింది, సిద్ధప్ప నిజాముకు లొంగాడు. మరుసటి ఏడు అక్టోబరు 12న నిజాం తన దగ్గరుండే కుంపిణీ సైన్యం ఖర్చు కింద ఇదే ప్రాంతాన్ని కుంపిణీకి రాసిచ్చేశాడు. అలా దత్తమండలం అయ్యాం. ఒకటిన్నర ఏడాదిలో ముగ్గురు పైవాళ్ళు మారారు.

ఇక్కడే బర్క్ గడుల్లోకి సరిగ్గా సరిపోయే మనిషి ఒకడు వస్తాడు. శ్రీరంగపట్నం యుద్ధం నడిపించిన గవర్నర్ జనరల్ రిచర్డ్ వెల్లెస్లీ. ఆ గెలుపుకు బహుమానంగా 1799 డిసెంబరులో ఆయనకు మార్క్విస్ వెల్లెస్లీ అనే కొత్త బిరుదు వచ్చింది. వచ్చింది గానీ ఆయనకు ఏడుపొక్కటే తక్కువ. ఎందుకంటే అది ఇంగ్లండు బిరుదు కాదు, ఐర్లండు జాబితాలోది, ఒక మెట్టు కింద. రెండుసార్లు బంగారు పూత పూసిన ఆలుగడ్డ ఇచ్చారని ఎగతాళి చేసుకున్నాడు. మైసూరును పడగొట్టిన మనిషి బిరుదు జాబితా గురించి ఇంత బాధపడటం నాకు కాసేపు నవ్వు తెప్పించింది. తర్వాత ఆలోచిస్తే నవ్వు రాలేదు. ఒకే యుద్ధం ఫలితంగా ఒక బిరుదు పుట్టింది, ఇంకో బిరుదు తిరిగి లేచింది. లేచినదాన్ని ఏడాదిన్నరలోపే ఆ పుట్టినవాడి ఒప్పందమే మళ్ళీ నేల కూల్చింది.

వెల్లెస్లీ బిరుదు కూడా మిగల్లేదు. ఆయనకు పిల్లలు ఉన్నారు. ఇయాసింత్ రోలాన్ అనే ఫ్రెంచి ఆమెతో చాలా ఏళ్ళు కలిసి ఉండి, పిల్లలు పుట్టాక 1794లో పెళ్ళి చేసుకున్నాడు. పెళ్ళికి ముందు పుట్టినవాళ్ళు కాబట్టి చట్టప్రకారం వాళ్ళకు రాదు. తండ్రి నుంచి వచ్చిన పాత మార్నింగ్టన్ ఎర్ల్ బిరుదు తమ్ముడికి పోయింది. మార్క్విస్ బిరుదు 1842లో ఆయనతోనే అయిపోయింది. రికార్డులో ఒక తేదీ, పక్కన లుప్తం. పిల్లలు ఎదురుగా ఉన్నా వారసుడు లేడని రాసుకున్న ఆ చట్టం ఎంత కర్కశమో వేరే చర్చ. కానీ ఆ బిరుదు పోయిందని అందరికీ తెలుసు, ఎందుకు పోయిందో తెలుసు, ఎప్పుడు పోయిందో రోజుతో సహా తెలుసు.

సిద్ధప్ప నాయుడి బిరుదు ఏ రోజు పోయింది? వంశం ఆగిపోలేదు, కాబట్టి లుప్తం కాదు. వారసుడెవరో తెలీక కాదు, ఎదురుగానే ఉన్నాడు, కాబట్టి సుప్తమూ కాదు. పంపకాల తగాదా లేదు. రాజద్రోహం విచారణ జరిగి జప్తూ కాలేదు. కుంపిణీ ఆయనకు పింఛను ఇచ్చింది, అంతే. నా వృత్తి భాషలో చెప్పాలంటే, పట్టికలోంచి ఒక అడ్డవరసను కొట్టెయ్యలేదు. ఆ హోదా రాసుకునే నిలువు గడినే తీసేశారు. వరస అలాగే ఉంటుంది, మనిషి పేరు ఉంటుంది, నెలనెలా వచ్చే మొత్తం కూడా ఉంటుంది. ఆయన ఎవరు అని అడిగే ప్రశ్నకే చోటు లేదు.

ఆ గడి తీసేసినవాడు థామస్ మన్రో. 1800 నుంచి 1807 దాకా దత్తమండలాలకు మొదటి ప్రిన్సిపల్ కలెక్టరు. అనంతపురంలోనే మకాం పెట్టాడు. అప్పుడు ఈ ప్రాంతంలో 80 మంది పాళెగాళ్ళు ఉన్నారని లెక్క. కోటలు, బంట్లు, ఎవరి కావలి వాళ్ళది. మన్రోకు వాళ్ళ మీద ఏమాత్రం జాలి లేదు. పాళెగాడు ఉన్నంతకాలం రైతు బాగుపడడు అని ఆయన నమ్మకం. నమ్మడమే కాదు, పద్ధతిగా పని చేశాడు. వాళ్ళు కట్టాల్సిన పేష్కషును బంట్లను పోషించుకునే మిగులు ఉండనంతగా పెంచడం, కట్టలేనివాళ్ళను తప్పించడం, ఎదురు తిరిగినవాళ్ళ మీదికి జనరల్ క్యాంప్‌బెల్ సైన్యాన్ని పంపడం, లొంగినవాళ్ళకు పింఛను. ఆ పక్కనే పొలాలు కొలిపించి, రైతుతో నేరుగా శిస్తు మాట్లాడుకునే రైత్వారీ. గొలుసు అని పైన అన్నాను కదా, మన్రో ఆ గొలుసును పైనుంచి లాగలేదు. శిస్తు దగ్గర, నడిమి కొక్కెం దగ్గర తెంపాడు. పై కొక్కెం దానంతటదే జారింది.

మన్రోను ఇక్కడ దుర్మార్గుడిగా చూపించడం తేలిక. అలాంటి వ్యాసాలు చాలానే చదివాను. పాళెగాళ్ళను స్వాతంత్ర్య వీరులుగా చూపించడం ఇంకా తేలిక, దానికి సినిమాలు కూడా ఉన్నాయి. నాకు రెండూ నచ్చవు. పాళెగాడి కావలి అంటే ఊరికి రక్షణ ఎంతో, ఆ రక్షణ కోసం ఊరిని పిండటమూ అంతే. రైతు పేరు మీద పట్టా రావడం చిన్న సంగతి కాదు. కానీ పాళెగాడి మీద మన్రో రాసిన తీర్పు మన తీర్పు ఎలా అయిపోయిందన్నది అడగాల్సిన ప్రశ్న. సీమలో ఫ్యాక్షన్ ఎందుకొచ్చిందని ఎవరైనా రాస్తే రెండో పేరాలో పాళెగాళ్ళ వారసత్వం అని వస్తుంది. రెండు వందల ఏళ్ళ కిందట రద్దయిన ఒక పదవి ఈనాటి నాటుబాంబుకు కారణమని తేల్చేయడానికి మధ్యలోని కరువులు, కాంట్రాక్టులు, ఎన్నికలు అన్నీ దాటెయ్యాలి. ‘రాజుల యుద్ధములు’ చదివినవాళ్ళు ఆ వాక్యం అంత తేలిగ్గా రాయలేరు. యాభై వేలిచ్చి పంపించిన నాయుడు ఆ వాక్యంలో పట్టడు.

పింఛను పుచ్చుకున్న అందరూ సిద్ధప్పలాగా ఊరుకోలేదు. ఉయ్యాలవాడ నరసింహారెడ్డికి వచ్చిన పింఛను నెలకు 11 రూపాయల 10 అణాల 8 పైసలు. పైసలతో సహా జనానికి గుర్తున్న పింఛను ఇదొక్కటే అనుకుంటా. 1846లో తిరగబడ్డాడు, 1847 ఫిబ్రవరిలో కోయిలకుంట్లలో ఉరి తీశారు. పాటలయ్యాడు, 2019లో సినిమా అయ్యాడు. సాహిత్యానికి ఉరికొయ్య దొరికితే ఎక్కడ మొదలుపెట్టాలో తెలుస్తుంది. పింఛను పుచ్చుకుని ముసలివాడైన మనిషితో ఏం చెయ్యాలో దానికి తెలీదు.

ఇంతకీ ఈ పుస్తకం నుంచి తెలుగు సాహిత్యం ఏం తీసుకుంది? ఇది నాకు అన్నిటికంటే ఆసక్తి కలిగించిన విషయం. 1899లో మద్రాసు క్రిస్టియన్ కాలేజీలో చదువుతున్న ఇరవై నిండని కుర్రాడొకడు కావ్యపోటీకి ఒక కథ వెతుక్కున్నాడు. అతను కట్టమంచి రామలింగారెడ్డి. కథ దొరికింది బ్రౌన్ అచ్చు వేసిన ఈ అనంతపురం చరిత్రలోనే. బుక్కరాయసముద్రం చెరువుకు గండి పడుతుంది. బసిరెడ్డి చిన్నకోడలు ముసలమ్మను బలి ఇస్తే కట్ట నిలుస్తుందని అశరీరవాణి. ఆమె తనంతట తాను వెళ్ళి గండిలో నిలబడుతుంది. అదే ‘ముసలమ్మ మరణము’. ఆధునిక తెలుగు కవిత్వం ఎక్కడ మొదలైందని వాదులాడుకునేటప్పుడు గురజాడ పక్కన తప్పకుండా వచ్చే పుస్తకం. దేవుడు దిగివచ్చి బతికించకుండా విషాదంగానే ముగిసిన కావ్యం అని విమర్శకులు మెచ్చుకున్నారు. నిజమే. అయితే రాజుల యుద్ధాలు అని పేరున్న పుస్తకంలోంచి అతను ఎంచుకున్నది రాజూ లేని, యుద్ధమూ లేని ఒకే ఒక్క కథ అన్న సంగతి మీద ఎవరూ ఆగినట్టు కనబడదు. నాయుళ్ళను పక్కకు జరిపి కాపుకోడలిని తీసుకున్నాడు. అతని చదువు ఇంగ్లీషు చదువు, అతని చేతికి పుస్తకం వచ్చింది ఇంగ్లీషు దొర చేతి మీదుగా. ఆ పుస్తకంలో బిరుదున్న ఒక్క మనిషీ అతనికి అక్కర్లేకపోయాడు.

ఆ కావ్యాన్ని విడిగా చదివితే ముసలమ్మ త్యాగం ఒక స్త్రీ గుండెధైర్యం కథ. ఇంట్లోవాళ్ళ దగ్గర సెలవు తీసుకునే ఘట్టం ఎంత గట్టివాళ్ళనైనా కదిలిస్తుంది. కానీ తీసుకొచ్చి మళ్ళీ ఆ చరిత్ర మధ్యలో పెట్టి చదవండి. అక్కడ అది చెరువు మరమ్మతు పద్దు. కట్ట కట్టించిన మంత్రి పేరుంది, కట్ట కింద శిస్తు తిన్న నాయుళ్ళ పేర్లున్నాయి, కట్ట నిలబడటానికి ఖర్చయిన మనిషి పేరు కూడా ఉంది. కరణం మూడింటినీ ఒకే పుస్తకంలో రాశాడు. కావ్యం మూడో పేరును పైకి ఎత్తి మొదటి రెంటినీ చెరిపేసింది. దాంతో ఆమె ఎవరి ఆదాయం కోసం చచ్చిపోయిందో అడిగే దారి మూసుకుపోయింది. ఊరి కోసం అని మాత్రమే మిగిలింది. కట్టమంచి తర్వాతి రోజుల్లో ‘కవిత్వతత్త్వ విచారము’లో పింగళి సూరనను అంత కఠినంగా తూచాడు. అదే తక్కెడలో తన కావ్యాన్ని తానే తూచి ఉంటే ఈ లోటు ఆయన కంటబడేది.

కన్నడంలో ‘కెరెగె హార’ అనే జానపద గీతం ఉంది. అక్కడ భాగీరథి, ఇక్కడ ముసలమ్మ. అక్కడా చిన్నకోడలే, ఇక్కడా చిన్నకోడలే. చెరువు తవ్విన ప్రతి కరువుసీమలోనూ ఇలాంటి కథ ఒకటి ఉంటుంది కాబట్టి బసిరెడ్డి ఇంట్లో నిజంగా ఏం జరిగిందో తవ్వడం దండగ. కానీ ఎప్పుడూ చిన్నకోడలే ఎందుకు? ఇంట్లో మాట చెల్లని మనిషి ఆమే కదా. బిరుదుల నిచ్చెనకు ఆ చివర మార్క్విస్ ఉంటే ఈ చివర చిన్నకోడలు. పేరులో ముసలితనం, ఒంట్లో పడుచుదనం. ఆమెకు బుక్కరాయసముద్రం కట్ట మీద గుడి ఉంది, జాతర ఉంది, జనం దాన్ని ముసలమ్మ కట్ట అంటారు.

నాయుళ్ళను చెరిపేసింది కట్టమంచి ఒక్కడే కాదు. 1928 నవంబరులో నంద్యాల సభలో దత్తమండలం అనే పేరు అవమానంగా ఉందని, మనం ఎవరో ఎవరికో దానం ఇచ్చిన సరుకు కాదని, పేరు మార్చారు. చిలుకూరి నారాయణరావు సూచించిన పేరు రాయలసీమ. ఆయన అనంతపురం కాలేజీలోనే తెలుగు చెప్పినవాడు, శాసనాలు చదివినవాడు, హండె వాళ్ళ సంగతి తెలియకుండా ఉండే మనిషి కాదు. అయినా పేరు పెట్టేటప్పుడు దగ్గరలో ఉన్న పాళెగాళ్ళను దాటి, దాదాపు నాలుగు వందల ఏళ్ళు వెనక్కి దూకి రాయల దగ్గర ఆగాడు. సభలో చప్పట్లు కొట్టదగిన పేరు అదే, ఒప్పుకుంటాను. పాళెగాళ్ళసీమ అని ఎవరు పెట్టుకుంటారు? కానీ ఆ దూకుడులో, నేను క్లాసులో చెప్పిన రెండున్నర శతాబ్దాల ఖాళీ అధికారికం అయిపోయింది. రాయలు పెద్ద చక్రవర్తే. ఆయన పోయిన తర్వాత ఆ చెరువులను ఎవరు చూసుకున్నారంటే మాత్రం మన దగ్గర జవాబుగా ఉన్నది ఈ పాత పుస్తకమే.

ఇంకో సంగతి ఉంది. బ్రౌన్ కుర్రాడిగా మద్రాసులో కాలేజీ ముగించుకున్న రోజుల్లో, 1820లో, కొత్తగా గవర్నరైన మన్రో దేశభాషలు నేర్చుకోవాలని సివిల్ ఉద్యోగులకు ఒక ప్రసంగం చేశాడు. తెలుగు మీదికి తన మనసు మళ్ళడానికి అది ఒక కారణమని బ్రౌన్ తన జీవితకథలో చెప్పుకున్నాడు. అంటే నాయుడి గడిని తీసేసిన మనిషి మాట విని తెలుగు నేర్చుకున్న మనిషి, ఆ నాయుడి పుస్తకాన్ని అచ్చు వేశాడు. వంశవృక్షం గీసినట్టు గీస్తే ఈ పుస్తకానికి మన్రో తాత అవుతాడు. హండె వాళ్ళు ఒప్పుకుంటారో లేదో!

మన్రోకూ బిరుదొచ్చింది. 1825లో బారొనెట్ చేశారు. స్కాట్లండులో లిండర్టిస్ అనే ఎస్టేటు పేరు మీద. రెండేళ్ళకే, 1827 జులై 6న, దత్తమండలాల్లో పర్యటిస్తూ కలరా తగిలి పత్తికొండలో చనిపోయాడు. గుత్తిలో పూడ్చి, తర్వాత మద్రాసు కోటలోని చర్చికి తరలించారు. బారొనెట్ బిరుదు ఎనిమిదేళ్ళ కొడుక్కి పోయింది. లిండర్టిస్ అంటే ఎక్కడో గుత్తి, పత్తికొండ జనానికి ఏం తెలుసు? వాళ్ళు ఆయన పేరు పిల్లలకు పెట్టుకున్నారు. ఏ రాజముద్రా లేకుండా, సర్ తీసేసి, మనవైపు పెద్దమనిషి పేరు చివర ఏం పెడతారో అదే పెట్టి, మన్రోలప్ప అన్నారు. సిద్ధప్పలో ఉన్న అప్పే అది.